అసలెంత తగ్గింది?

2023 ఉగాదికి మా నాయిన ఊరి నుంచి వచ్చి నల్లగొండలో మా ఇంట్లో నాలుగు రోజులు ఉన్నాడు. పండుగ మరునాడు పొద్దున నేను ఆదాయపు పన్ను కాగితాల కోసం తెచ్చుకున్న గృహరుణం స్టేట్‌మెంట్‌ను బల్ల మీద పరుచుకొని చూస్తుంటే, ఆయన పక్కన వచ్చి కూర్చున్నాడు. నెలకెంత కడుతున్నావని అడగలేదు, వడ్డీ ఎంత శాతమనీ అడగలేదు. "అసలెంత తగ్గింది రా?" అన్నాడు.

పద్దెనిమిది నెలలుగా ఆ అప్పు కడుతున్న నాకు ఆ ప్రశ్న ఒక్కసారి కూడా తోచలేదు. స్టేట్‌మెంట్‌లో వెతికితే జవాబు దొరికింది. ఆ నెల నా ఖాతా నుంచి పోయిన ఈఎంఐ 22,811 రూపాయలు, అందులో వడ్డీ 22,558 రూపాయలు, అసలుకు జమ అయినవి 253 రూపాయలు. నా బండికి రెండున్నర లీటర్ల పెట్రోలు కూడా రాని సొమ్మది. మొదటి నుంచి లెక్క చూస్తే, 2021 అక్టోబరు మొదలు ఆ మార్చి దాకా నేను కట్టింది 4,10,598 రూపాయలు కాగా, 30 లక్షల అసలులో తగ్గింది దాదాపు 74 వేలు మాత్రమే.

"గింతేనా? మిగిలిందంతా మిత్తికే పోయిందా?" అని ఆయన మళ్లీ అడిగితే, రేట్లు పెరిగాయి నాయినా అని ఏదో చెప్పాను గానీ, ఆ మాట నాకే సరిగా అర్థం కాలేదని ఆ రాత్రి ఒప్పుకోక తప్పలేదు. నేను బడిలో సాంఘిక శాస్త్రం చెబుతాను, లెక్కల సారును కాను. అయినా ఇరవై ఏళ్ల అప్పు మీద సంతకం పెట్టినవాడికి ఆ సాకు చెల్లదు.

మా నాయినకు బ్యాంకు భాష రాదు గానీ అప్పు భాష బాగా వచ్చు. నకిరేకల్ పక్కన మాకున్న కొద్దిపాటి బత్తాయి తోట నీళ్లు లేక ఎండిపోతున్న రోజుల్లో, బోర్లు వేయించడానికి ఆయన తెచ్చిన అప్పులన్నీ రెండు రూపాయల మిత్తివే. నూటికి నెలకు రెండు రూపాయలు, అంటే ఏడాదికి 24 శాతం. ప్రామిసరీ నోటు మూడేళ్లకు మురిగిపోతుంది కనుక, ఆ గడువు నిండకముందే అప్పిచ్చినవాడు వచ్చి, అప్పటిదాకా పేరుకున్న మిత్తిని అసలులో కలిపి కొత్త నోటు రాయించుకొని పోయేవాడు. అలా 50,000 రూపాయల నోటు మూడేళ్లకు 86,000 అవుతుంది, ఆరేళ్లకు 1,47,920 అవుతుంది. మధ్యలో ఏమైనా కడితే నోటు వెనుక తేదీ వేసి చెల్లు రాయించుకోవాలి. ఆ చెల్లు మిత్తి కింద పోయిందా, అసలు కింద పోయిందా అన్నదే ఊళ్లో సగం పంచాయతీలకు మూలం. అందుకే ఆయనకు ఏ అప్పును చూసినా మొదట ఆ ప్రశ్నే వస్తుంది.

ఆయన భాషలో చెబితే నా గృహరుణం చాలా చవకైన అప్పు. తీసుకున్నప్పుడు 6.75 శాతం, అంటే నూటికి నెలకు యాభై ఆరు పైసలు. ముప్పావలా మిత్తికి కూడా ఎవరూ ఇవ్వని కాలంలో అది దొరకడమే అదృష్టమని ఆయన అన్నాడు, అది నిజం కూడా. బ్యాంకులు చక్రవడ్డీ వేసి ముంచుతాయని బయట ఒక మాట ఉంది గానీ, ఈఎంఐ సక్రమంగా కడుతూ అది ఆ నెల వడ్డీకి సరిపోతున్నంత కాలం వడ్డీ మీద వడ్డీ పడదు. ప్రతి నెలా మిగిలి ఉన్న అసలు మీదే వడ్డీ లెక్కిస్తారు, కట్టిన దాంట్లోంచి ముందు ఆ వడ్డీని తీసుకొని మిగిలినదాన్ని అసలుకు జమ చేస్తారు. మోసమేమీ లేదు. ఇతరుల సొమ్మును మనం ఎన్ని నెలలు మన దగ్గర ఉంచుకుంటే అన్ని నెలలకు అద్దె కడుతున్నాం, అంతే. కాబట్టి ఇంటి అప్పులో అసలైన ఖరీదు శాతంలో కన్నా నెలల్లో ఎక్కువగా ఉంటుంది. మనం మాత్రం శాతం కోసం నాలుగు బ్యాంకులు తిరిగి, పావు శాతం తగ్గించుకొని, గడువు దగ్గరికి వచ్చేసరికి "ఎంత ఎక్కువ వీలైతే అంత పెట్టండి" అంటాం.

మొదటి నెలలనే చూడండి. 30 లక్షల మీద 6.75 శాతం చొప్పున మొదటి నెల వడ్డీ 16,875 రూపాయలు, అసలుకు పోయేవి 5,936 రూపాయలు. అసలు తగ్గే కొద్దీ వడ్డీ వాటా తగ్గి అసలు వాటా పెరగాలి, రేటు కదలకపోతే అలాగే జరుగుతుంది కూడా. కానీ నా అప్పు రెపో రేటుకు, అంటే బ్యాంకులకు రిజర్వు బ్యాంకు అప్పిచ్చే వడ్డీ రేటుకు ముడిపడినది. 2019 అక్టోబరు 1 నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే మారే వడ్డీ గృహరుణాలన్నింటినీ ఇలా బయటి ప్రమాణానికి ముడిపెట్టాలని రిజర్వు బ్యాంకు నిర్దేశించింది. నేను సంతకం పెట్టినప్పుడు రెపో 4 శాతం, దాని మీద బ్యాంకు తన వంతుగా కలుపుకునే స్ప్రెడ్ 2.75 శాతం. 2022 మేలో మొదలై 2023 ఫిబ్రవరి నాటికి ఆరు విడతల్లో రెపో 6.50 శాతానికి చేరింది, నా రేటు 9.25 శాతానికి చేరింది. ఈఎంఐ మాత్రం 22,811 దగ్గరే ఉండిపోయింది. నాకేమీ జరగలేదని అనుకున్నాను, ఎందుకంటే నా ఖాతాలోంచి పోయే అంకె మారలేదు. మారింది గడువు. ఎక్కడా చప్పుడు లేకుండా అది పెరుగుతూ పోయింది.

ఉగాది మరునాటి రాత్రి అదే ఈఎంఐ, అదే 9.25 శాతం కొనసాగితే మిగిలిన అప్పు ఎన్ని నెలలకు తీరుతుందని లెక్క వేశాను. సుమారు 585 నెలలు వచ్చింది. తప్పు వేశానేమోనని మళ్లీ వేశాను, మా బడిలో లెక్కల సారుకు ఫోను చేసి ఆయనతోనూ వేయించాను. 585 నెలలంటే నలభై ఎనిమిది ఏళ్ల తొమ్మిది నెలలు. తెలంగాణలో ప్రభుత్వోద్యోగుల పదవీ విరమణ వయసును 2021లో 61 ఏళ్లకు పెంచారు, దాంతో నా 20 ఏళ్ల గడువు నా చివరి జీతంతో చివరి ఈఎంఐ పోయేలా కుదిరింది. ఈ కొత్త లెక్క ప్రకారం అప్పు తీరేసరికి నాకు తొంభై ఒక్క ఏళ్లు.

అప్పుడే ఇంకో సంగతి తెలిసింది, అప్పున్న ప్రతివారూ ఒకసారి వేసి చూసుకోవలసిన లెక్క అది. మీ ఈఎంఐని 12తో గుణించి, మిగిలిన అప్పుతో భాగించి, నూటితో గుణించండి. వచ్చిన శాతాన్ని దాటి మీ వడ్డీ రేటు పెరిగితే మీ అప్పు తీరడం ఆగిపోయి, పెరగడం మొదలవుతుంది. నాకు వచ్చింది 9.35. అప్పటికి నా రేటు 9.25. ఇంకో పదో వంతు శాతం పెరిగి ఉంటే మా నాయిన నోటు తిరగరాసిన కథే నాకూ మొదలయ్యేది. తక్కువ వడ్డీ రోజుల్లో ఎక్కువ గడువుకు తీసుకున్న అప్పుకే ఈ ప్రమాదం ఎక్కువ. ఆ ఈఎంఐలో అసలు వాటా మొదటి నుంచీ పలుచగా ఉంటుంది, రేటు రెండు మూడు శాతం పెరగగానే దాన్ని తినేస్తుంది.

బ్యాంకు శాఖకు వెళ్లి అడిగితే అక్కడి అధికారి మర్యాదగానే మాట్లాడాడు. రేటు మారినప్పుడల్లా సందేశం పంపామన్నాడు, పంపే ఉంటారు. రోజుకు పది సందేశాలు పంపే బ్యాంకు నుంచి వచ్చిన పదకొండో సందేశంలో నా ముప్పై ఏళ్లు అదనంగా ఉన్నాయని ఎవరికి తెలుస్తుంది? ఈఎంఐ పెంచుకుంటారా అని ముందే అడగాల్సింది కదా అంటే, గడువు పెంచడమే మామూలు పద్ధతి అన్నాడు. ఆ ఏడాదే ఆగస్టు 18న రిజర్వు బ్యాంకు ఈ మామూలు పద్ధతి మీదే ఉత్తర్వు ఇచ్చింది. వడ్డీ పెరిగినప్పుడు ఈఎంఐ పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, రెండూ కొంత కొంతగానా అన్నది అప్పు తీసుకున్నవాడు ఎంచుకునేలా అడగాలని, మూడు నెలలకు ఒకసారి ఇచ్చే స్టేట్‌మెంట్‌లో అప్పటిదాకా అసలుకు ఎంత పోయింది, వడ్డీకి ఎంత పోయింది, ఇంకా ఎన్ని ఈఎంఐలు మిగిలాయి అన్నవి చూపాలని అందులో ఉంది. నాలాంటివాళ్లు చాలామందే ఉన్నారన్నమాట.

నేను ఈఎంఐని 27,600కు పెంచుకున్నాను. మొదటి గడువుకే అప్పు తీరాలంటే కావలసింది దాదాపు అంతే. నెలకు 4,800 అదనం. ఇంట్లో అది తెలిసింది. ఒక చిట్టీ మానేశాం, మా అమ్మాయి ట్యూషన్ మార్చాం. 2025లో రెపో నాలుగు విడతల్లో 1.25 శాతం తగ్గి 5.25కు వచ్చినప్పుడు నా రేటు 8 శాతానికి దిగింది. ఈసారి ఈఎంఐని 25,350కి తగ్గించుకునే వీలుంది గానీ ముట్టుకోలేదు. అలాగే వదిలేస్తే అప్పు 28 నెలలు ముందుగా తీరుతుంది, ఇప్పటి రేటు నిలిస్తే మూడున్నర లక్షల దాకా మిగులుతుంది. పెరిగినప్పుడు నొప్పి తెలియకుండా గడువు పెరగడం, తగ్గినప్పుడు సంతోషంగా ఈఎంఐ తగ్గించుకోవడం, ఈ రెండూ కలిస్తే అప్పు ఎప్పటికీ తీరదు.

ఈఎంఐ మొదలు కాకముందు పోయినవీ ఉన్నాయి, వాటిని ఎవరూ లెక్కలో వేయరు. మేము కొన్నది కట్టిన ఇల్లు కాదు. పానగల్లు వైపు ఖాళీ ప్లాటు కొని, దాని మీద ఇల్లు కట్టుకున్నాం. ఇలాంటి అప్పును బ్యాంకు ఒకేసారి ఇవ్వదు. బేస్‌మెంట్ లేచాక కొంత, స్లాబు పడ్డాక కొంత, ఇంజినీరు వచ్చి చూసి పోయాక ఇంకొంత ఇస్తుంది. ఇల్లు పూర్తయ్యేదాకా ఇచ్చినంత సొమ్ముకు వడ్డీ మాత్రమే కట్టాలి, అసలులో పైసా తగ్గదు. నాకు 2021 జనవరిలో 6 లక్షలు, మార్చిలో 8, జూన్‌లో 9, ఆగస్టులో 7 లక్షలు వచ్చాయి. సెప్టెంబరు దాకా వీటి మీద కట్టిన వడ్డీ 90,000 రూపాయలు. ఆ మే 12న కరోనా రెండో విడత లాక్‌డౌన్ వచ్చి జూన్ 19 దాకా సాగింది. మేస్త్రీలు ఊళ్లకు వెళ్లిపోయారు, సిమెంటు బస్తాలు గడ్డకట్టాయి, వడ్డీ మాత్రం రోజూ డ్యూటీకి వచ్చింది. అన్నాళ్లూ అద్దె ఇంటికి నెలకు 9,000 వేరుగా పోయేది. ఇల్లు కట్టేవాళ్లు మేస్త్రీ ఆలస్యాన్ని చిరాకుగా చూస్తారు గానీ, దానికి నెలకింత అని ధర ఉందని గుర్తించరు.

సంతకాల రోజున జరిగింది ఇంకోటి. కాగితాల కట్టలో అప్పుకు బీమా పాలసీ ఒకటి ఉంది, ప్రీమియం 60,000. "ఇది ఉంటేనే ఫైలు ముందుకు పోతుంది సార్" అన్నారు. అలాంటి నిబంధన ఏదీ లేదని నాకు తర్వాత తెలిసింది. డబ్బు చేతి నుంచి కట్టనక్కర లేదు, అప్పులోనే కలుపుతామంటే అదేదో వెసులుబాటు అనుకున్నాను. అప్పులో కలిసిన 60,000 కూడా ఇరవై ఏళ్ల అప్పే. మొదటి రేటు ప్రకారమే అది 1,09,000 దాటుతుంది. బీమా తప్పని నేననను, కుటుంబానికి అప్పు మాత్రమే మిగిల్చి పోవడం కన్నా అది ఉండటమే నయం. విడిగా టర్మ్ పాలసీ తీసుకొని ఏటా కట్టుకుంటే దానికి వడ్డీ ఉండేది కాదు, అంతవరకే నా బాధ. ప్రాసెసింగ్ రుసుము, న్యాయవాది అభిప్రాయం, విలువ కట్టే ఇంజినీరు ఖర్చు, ప్లాటు రిజిస్ట్రేషన్ అన్నీ వీటికి అదనం. తెలంగాణలో 2021 జూలై నుంచి స్టాంపు డ్యూటీ, బదిలీ సుంకం, రిజిస్ట్రేషన్ ఫీజు కలిపి 7.5 శాతం. మా ప్లాటు అంతకుముందే రిజిస్ట్రేషన్ కావడం వల్ల ఆ మేరకు బతికిపోయాం.

పన్ను మినహాయింపు వస్తుంది కదా అని బడిలో అందరూ అంటారు. ఆదాయపు పన్ను పాత విధానంలో మనం ఉండే ఇంటి అప్పు వడ్డీకి ఏటా 2 లక్షల దాకా మినహాయింపు నిజమే. కొత్త విధానంలో మనం ఉండే ఇంటికి అది లేదు. ఇప్పుడు అడగకుండానే వర్తించేది కొత్తదే. వందకు ఇరవై మిగులుతుందని ఎనభై పోగొట్టుకోవడం ఏ విధానంలోనూ లాభం కాదు.

రెండో వైపు కూడా చెప్పాలి. 30 లక్షలకు 54 లక్షలు, 62 లక్షలు కడుతున్నామని బెదిరించే లెక్కలు పూర్తి నిజం కావు, ఎందుకంటే ఇరవయ్యో ఏట కట్టే రూపాయి ఇవాళ్టి రూపాయి కాదు. ధరలు ఏటా 6 శాతం పెరుగుతాయనుకుంటే, ఇరవై ఏళ్ల తర్వాత 26,000 విలువ ఇవాళ్టి ఎనిమిది వేలకు కొంచెం పైన ఉంటుంది. డీఏలు (కరువు భత్యం), పీఆర్సీ (వేతన సవరణ) ఆలస్యమైనా వస్తూనే ఉంటాయి, ఈఎంఐ అక్కడే ఉంటుంది. అలాగని నల్లగొండ లాంటి ఊళ్లో అద్దెతో పోల్చి ఇల్లు లాభమని అనడానికీ లేదు. 9,000 అద్దె ఇంట్లోంచి 16,875 వడ్డీ ఇంట్లోకి వచ్చినవాణ్ణి నేను. లాభం కోసం కట్టుకోలేదు, ఖాళీ చేయమనేవాడు ఉండకూడదని కట్టుకున్నాం. దానికి ఎంత ఇస్తున్నామో తెలిసి ఇస్తే చాలు.

2025 జనవరిలో మహబూబ్‌నగర్ నుంచి మా అక్క కొడుకు ఫోను చేశాడు. పోలేపల్లి సెజ్‌లో ఒక మందుల కంపెనీలో పని చేస్తాడు, జడ్చర్లకు రోజూ వెళ్లి వస్తాడు. పాలమూరులోనే వాళ్ల నాన్న కొన్న ప్లాటులో కింద ఇల్లు, పైన రెండు గదులు వేయాలని 30 లక్షల అప్పు మాట్లాడుకున్నాడు, 8.5 శాతం. "మామా, ఇరవై ఏండ్లకైతే 26,035 అంటున్నరు, ముప్పై ఏండ్లకైతే 23,067 అంటున్నరు. మూడు వేలు తక్కువనే గదా, ముప్పై ఏండ్లకే పెట్టుకుంట, మధ్యల పైసలున్నప్పుడు కట్టేస్త" అన్నాడు.

ఆ మూడు వేల ధర చెప్పాను. ఇరవై ఏళ్లకు మొత్తం 62.48 లక్షలు, ముప్పై ఏళ్లకు 83.04 లక్షలు. ఇరవై లక్షలకు పైగా తేడా. పదేళ్లు గడిచాక ఎక్కడ ఉంటావో కూడా చెప్పాను. ఇరవై ఏళ్ల అప్పులో సరిగ్గా సగం గడువు అయ్యేసరికి 31 లక్షలు కట్టి ఉంటావు, ఇంకా 21 లక్షల అసలు అలాగే ఉంటుంది. మధ్యలో కట్టడం గురించి కూడా ముచ్చటించుకున్నాం. మారే వడ్డీ గృహరుణాన్ని ముందుగా కట్టేస్తే వ్యక్తుల దగ్గర బ్యాంకులు రుసుము తీసుకోకూడదని 2012 నుంచీ ఉంది, కాబట్టి అడ్డం లేదు. కానీ ఎప్పుడు కడతామన్నది ముఖ్యం. అదే అప్పులో మొదటి ఏడాది చివర లక్ష రూపాయలు అదనంగా కడితే 18 నెలల ఈఎంఐలు తప్పుతాయి, 3.70 లక్షల వడ్డీ మిగులుతుంది. అదే లక్ష పదిహేనో ఏడాది చివర కడితే మిగిలేది 50,000. మనవాళ్లకు చేతిలో డబ్బు ఆడేది పదిహేనో ఏటనే. మొదటి ఏట గృహప్రవేశం బాకీలు ఉంటాయి, తర్వాత పెండ్లిళ్లు, ఆ తర్వాత ఎవరికో ఆసుపత్రి. "ఉన్నప్పుడు కడతా" అని నేనూ అన్నాను, నాలుగేళ్లలో ఒక్క రూపాయీ అదనంగా కట్టలేదు, పెంచుకున్న ఈఎంఐ తప్ప.

వాడికి స్ప్రెడ్ గురించి కూడా చెప్పాను. వాడి అప్పులో రెపో మీద 2 శాతమే ఉంది, నాకు 2.75. కొత్తవాళ్లను ఆకర్షించడానికి స్ప్రెడ్ తగ్గిస్తారు, పాతవాళ్లది అలాగే ఉంటుంది. రెపో ఎంత తగ్గినా నేను వాడికన్నా ముప్పావు శాతం పైనే ఉంటాను. అప్పు ఇంకో బ్యాంకుకు మార్చుకుంటానని దరఖాస్తు రాసి ఇచ్చాను, ఇంకా జవాబు రాలేదు.

వాడు రెండు రోజులకు మళ్లీ ఫోను చేసి, పైన గదులు ఇప్పుడు వేయకపోతే అప్పు 26 లక్షలకు తగ్గుతుందని చెప్పాడు. ఇద్దరం కలిసి లెక్క వేశాం. 26 లక్షలు, ఇరవై ఏళ్లు, ఈఎంఐ 22,563. వాడు భయపడకుండా కట్టగలననుకున్న ముప్పై ఏళ్ల ఈఎంఐ కన్నా అది ఇంకా ఐదు వందలు తక్కువ. మొత్తం 54.15 లక్షలు. 83 లక్షలతో పోలిస్తే 29 లక్షలు తేడా, రెండు గదులను వాయిదా వేసినందుకు.

మొన్న కార్తీకంలో గృహప్రవేశం అయింది. మెట్లు పైదాకా ఉన్నాయి, పైన ఏమీ లేదు. పిల్లర్ల మీద ఇనుప చువ్వలు నాలుగడుగులు నిలబడి ఉన్నాయి. చుట్టాల ముందు అవి చూసి మా అక్క చిన్నబోయింది, "సగం ఇల్లు గట్టిండని అంటరు రా" అని నాతోనే రెండుసార్లు అంది. భోజనాలయ్యాక పైకి వెళ్లి చూస్తే, తుప్పు పట్టకుండా ఆ చువ్వలన్నింటికీ మేనల్లుడు సిమెంటు పాలు పూయించి పెట్టాడు.